మూగజీవి గొంతులో అడ్డం పడితే

సూరత్ నగరంలో సంక్రాంతి అంటే గాలిపటాల పండుగ. జనవరి 14న ఉత్తరాయణ్, మరునాడు వాసి ఉత్తరాయణ్. ఆ రెండు రోజులూ ఊరి జనమంతా మేడలమీదనే ఉంటారు. పాటలు, కేకలు, డోళ్ల మోత. క్రింద ఇంట్లో ఎవరైనా గొంతు చించుకొని అరిచినా పైవారికి వినిపించదు. కొన్నేళ్ల క్రితం మా అక్కావాళ్ల కుక్క మోతీ ఆ పండుగ రెండవ నాడే ప్రాణం విడిచినది. ఆనాడు నేనక్కడే ఉన్నాను. అది చావుకు దగ్గరవుతున్న ఆ నాలుగైదు నిమిషాలలో నేను చేసిన పనులన్నీ తప్పులేనని తరువాత తెలిసినది. ఈ నెల ఈ శీర్షికను ఆ తప్పులకే కేటాయిస్తున్నాను.

మా బావది మరమగ్గాల పని. కాపురం లింబాయత్‌లో. ఆ ప్రాంతం చూసిన పాఠకులకు తెలిసే ఉంటుంది, తెలంగాణ జిల్లాల నుంచి బ్రతుకుతెరువు వెదుక్కుంటూ వెళ్లిన పద్మశాలి కుటుంబాలు అక్కడ ఎన్నో ఉన్నాయి. సూరత్ మునిసిపల్ కార్పొరేషన్ తెలుగు మాధ్యమంలో పాఠశాలలు కూడా నడుపుతున్నది. పండుగనాడు గుజరాతీల ఇళ్లలో ఊంధియూ, జిలేబీ ఘుమఘుమలాడుతూ ఉంటే, మరునాడు మనవారి ఇళ్లలో కనుమ పేరిట మాంసం ఉడుకుతుంది. ఆ ఏడు కూడా అంతే. భోజనాలు ముగిశాక పిల్లవాడు విస్తట్లోని బొక్కలు తెచ్చి మోతీ ముందు పోశాడు. అందరం మేడమీదికి వెళ్లిపోయాము. నేను మంచినీళ్ల కోసం క్రిందికి దిగివచ్చేసరికి కుక్క వంటింటి గడప దగ్గర ముందుకాళ్లతో మూతిని గీరుకుంటూ గింగిరాలు తిరుగుతున్నది. నోటివెంట చొంగ. మెడ చాచి, నోరు తెరిచి గాలి కోసం తన్నుకుంటున్నది కాని గొంతులోంచి శబ్దం లేదు.

శబ్దం లేకపోవటమే అన్నిటికన్నా ప్రమాదకరమైన గుర్తు అని అప్పుడు నాకు తెలియదు.

"తమ్మీ, బొక్క అడ్డం పడ్డది! నీళ్లు పొయ్యి!" అంటూ అక్క చెంబు అందించినది. పోశాను. నీళ్లు మింగుడుపడక ముక్కులోనుంచి వచ్చాయి. మనకు చేపముల్లు గుచ్చుకుంటే అన్నం ముద్ద మింగుతాము కదా, ఆ ఆలోచనతో బావ పెద్ద ముద్ద చేసి దాని నోట్లో కుక్కాడు. అదీ పోలేదు. నేను రెండు వేళ్లు నిలువుగా గొంతులోకి దూర్చాను. జారుడుగా, గుండ్రంగా ఏదో తగిలినది. పట్టుకోబోయాను. అది ఇంకా లోపలికి జారినది. ఆ స్పర్శ నా వేళ్లకు ఇప్పటికీ గుర్తున్నది. తరువాత ఆటో కోసం పరుగులు. పండుగపూట ఆటో దొరకటమే గగనం. దొరికినదాంట్లో ఎక్కించేసరికే కుక్క కాళ్లు వ్రేలాడవేసినది. పశువైద్యుడు దాని నోరు తెరిచి పొడవాటి పట్టకారుతో గోలీకాయ అంత కీలుబొక్కను క్షణంలో తీసి పళ్లెంలో వేశాడు. టక్కుమన్నది. కుక్క మటుకు లేవలేదు.

ఆయన మమ్మల్ని నిందించలేదు. "ఊపిరితిత్తులకు గాలి పూర్తిగా ఆగిపోతే ఏ ఆస్పత్రీ దగ్గర కాదు. మొదటి రెండు మూడు నిమిషాలలో వైద్యుడు మీరే" అని మాత్రం అన్నాడు. తరువాత అరగంటసేపు కూర్చోబెట్టి, ఏమి చేయవలసి ఉండెనో తన బల్లమీద పడుకొని ఉన్న ఒక ముసలి కుక్కమీద చేతులు పెట్టి చూపించాడు. అది మందు మత్తులో ఉన్నదేమో, కిమ్మనలేదు.

మూగజీవులకు వైద్యం అనగానే సూరత్‌ను తలచుకోవటం కొత్తేమీ కాదు. 1690లో ఆ రేవుపట్టణానికి వచ్చిన జాన్ ఓవింగ్టన్ అనే ఇంగ్లీషు మతాచార్యుడు 1696లో అచ్చయిన తన యాత్రాగ్రంథంలో, నగరానికి చేరువలో ఆవులకు, గుర్రాలకు, మేకలకు, కుక్కలకు వర్తకులు నడిపే ఆస్పత్రిని గురించి వ్రాశాడు. వయసుడిగినవి, కుంటివి, జబ్బుపడినవి అక్కడ చచ్చేదాకా పోషణ పొందేవట. నల్లుల వంటి అల్పప్రాణులకు కూడా వేరే ఏర్పాటు ఉండేదని, వాటికి ఆహారంగా ఒక పేదవానికి కూలి ఇచ్చి రాత్రంతా అక్కడ పడుకోబెట్టేవారని కూడా ఆయన వ్రాశాడు. విదేశీయులకు అది వింత; అక్కడి జైన వైష్ణవ వర్తకులకు నిత్యధర్మం. ఆ సంప్రదాయమే పాంజ్రాపోళ్ల రూపంలో గుజరాత్ అంతటా కొనసాగుతున్నది.

మరొక విషయం నాకు ఆశ్చర్యం కలిగించినది. గొంతులో అడ్డంపడిన మనిషిని వెనుకనుంచి వాటేసుకొని, పొట్ట పైభాగంలో పిడికిలితో నొక్కి బ్రతికించే పద్ధతిని అమెరికాలో సిన్సినాటి నగరానికి చెందిన శస్త్రవైద్యుడు హెన్రీ హైమ్లిక్ 1974లో ప్రకటించాడు. లోకమంతా ఆయన పేరుతోనే దానిని పిలుస్తున్నది. ఆయన ఆ పద్ధతిని మొదట పరీక్షించినది బీగిల్ జాతి కుక్కల మీద. మత్తు ఇచ్చిన కుక్క శ్వాసమార్గానికి ఒక గొట్టంతో బిరడా బిగించి, ప్రక్కటెముకల క్రింద నొక్కి చూశాడు. ఊపిరితిత్తులలో మిగిలి ఉన్న గాలి ఒక్కసారిగా తన్నుకొనివచ్చి బిరడాను బయటకు విసిరినది. అంటే, మనుషుల ప్రాణాలు కాపాడే ఉపాయాన్ని కుక్కలు మనకు ఇచ్చాయి. అదే ఉపాయం కుక్కకు ఎలా వాడాలో మనలో నూటికి ఒక్కరికైనా తెలియదు.

ముందు గుర్తుపట్టటం రావాలి. నోటి వెనుక రెండు దారులు ఉన్నాయి: గాలి పోయే శ్వాసనాళం ఒకటి, ఆహారం పోయే అన్నవాహిక ఒకటి. అన్నవాహికలో ఏదైనా ఇరుక్కుంటే జంతువు మింగలేదు, చొంగ కారుస్తుంది, తిన్నది వెంటనే కక్కుతుంది. కాని ఊపిరి ఆడుతూనే ఉంటుంది. అది ప్రమాదమే, ఆనాడే వైద్యుని దగ్గరకు తీసుకుపోవాలి. అయితే పోయేందుకు వ్యవధి ఉంటుంది. శ్వాసనాళం మూసుకుంటే వ్యవధి లేదు. చిగుళ్లను చూడండి. ఆరోగ్యంగా ఉన్న కుక్కకు అవి గులాబి రంగులో ఉంటాయి. గాలి అందకపోతే మొదట పాలిపోతాయి, తరువాత నీలిరంగుకు తిరుగుతాయి. కొన్ని కుక్కలకు చిగుళ్లు పుట్టుకతోనే నల్లగా ఉంటాయి. అటువంటివాటికి నాలుకనో, క్రింది కనురెప్ప లోపలి భాగాన్నో చూడాలి.

దగ్గుతున్నదంటే గాలి ఆడుతున్నదన్నమాట. గట్టిగా దగ్గగల జంతువును దగ్గనివ్వాలి. మన సహాయం కన్నా దాని దగ్గే బలమైనది. ఆ సమయంలో దానిని పట్టుకొని నోరు తెరవబోతే, భయపడి లోపలికి పీల్చి, సగం అడ్డం ఉన్నదానిని పూర్తి అడ్డం చేసుకుంటుంది.

అడ్డంపడినట్లే కనిపించి అడ్డంపడనివి కూడా కొన్ని ఉన్నాయి. చిన్నజాతి కుక్కలు ఒక్కొక్కప్పుడు మెడ చాచి, మోచేతులు ఎడంగా పెట్టి, ముక్కుతో లోపలికి గురగురమని పీలుస్తాయి. దానిని తిరగబడిన తుమ్ము అనవచ్చు. అర నిమిషమో, నిమిషమో ఉండి దానంతట అదే పోతుంది; గొంతు మీద మెల్లగా నిమిరితే చాలు. కుక్కలకు వచ్చే ఒక అంటుదగ్గులో దగ్గి దగ్గి చివర కక్కబోయినట్లు చేస్తాయి. ఏదో ఇరుక్కున్నదని ఇంటివారు భ్రమపడతారు. పిల్లి నేలకు కరుచుకొని మెడ చాచి దగ్గుతుంటే, చాలాసార్లు అది వెండ్రుకల ఉండో, ఉబ్బసమో అయి ఉంటుంది. వీటిలో చిగుళ్లు గులాబిగానే ఉంటాయి.

మరొకటి. బొక్కగాని, పుల్లగాని పై దవడ పళ్ల మధ్య అడ్డంగా బిగుసుకుంటే కుక్క మోతీ చేసినట్లే మూతి గీరుకుంటుంది, గంతులు వేస్తుంది. చూసేవారికి గుండె ఆగుతుంది. కాని ఊపిరికి అడ్డు ఉండదు. నోరు తెరిచి, వేలితో వెనుకనుంచి ముందుకు లాగితే ఊడివస్తుంది.

ఇక నిజంగా శ్వాస ఆగినప్పుడు చేయవలసిన పని. ఇద్దరు ఉంటే ఒకరు పట్టుకోవాలి, మరొకరు నోరు చూడాలి. ఒక చేతితో పై దవడను కోరల వెనుక పట్టి, పెదవులను పళ్లమీదకు మడిచి ఉంచాలి. ఎందుకంటే అది కరవబోతే ముందు తన పెదవే నలుగుతుంది, అందుచేత కొంత తగ్గుతుంది. రెండవ చేతితో క్రింది దవడ దించి, నాలుకను ముందుకు లాగాలి. వెలుతురు ఉండాలి, చేతి ఫోను దీపం చాలు. వస్తువు కనిపిస్తేనే వేలు పెట్టాలి. వేలిని నిలువుగా కాక చెంప ప్రక్కనుంచి లోనికి పోనిచ్చి, వస్తువు వెనుకకు చేర్చి, ముందుకు ఊడ్చాలి. నేను చేసిన తప్పు ఇదే: కనిపించనిదాని కోసం నిలువుగా పొడిచాను. మరొక హెచ్చరిక, కుక్క గొంతు లోపల నాలుక మొదట్లో ఎముకలవంటివి చేతికి తగులుతాయి. అవి దాని సొంత ఎముకలే. బొక్క అనుకొని లాగి గాయపరిచినవారు ఉన్నారట.

కనిపించలేదా, కనిపించినా పట్టుకు రాలేదా? చిన్న కుక్కనైతే తొడలు పట్టి తల క్రిందికి ఉండేట్లు కొన్ని క్షణాలు ఎత్తాలి. పెద్ద కుక్కనైతే నడుము, వెనుక కాళ్లు పైకెత్తి ముందుకాళ్లమీద నిలబెట్టాలి, తోపుడుబండిని ఎత్తి పట్టుకొన్నట్లు. అలా ఉంచే భుజాల మధ్య, వెన్నుమీద, అరచేతి మడమతో ఐదుసార్లు చరచాలి. కొట్టటం ఆ జంతువు పరిమాణానికి తగినట్లు ఉండాలి. పిల్లిని కొట్టే బలం వేరు, అల్సేషియన్‌ను కొట్టే బలం వేరు.

అప్పటికీ రాకపోతే హైమ్లిక్ పద్ధతి. చిన్నదానిని మీ ఒడిలోకి తీసుకొని, దాని వీపు మీ రొమ్ముకు ఆనేట్లు పట్టుకోండి. ప్రక్కటెముకలు ముగిసి పొట్ట మొదలయ్యే చోట మెత్తని గుంట ఒకటి ఉంటుంది. అక్కడ పిడికిలి పెట్టి, లోపలికీ తలవైపుకూ ఒక్క ఊపున నొక్కాలి. ఐదుసార్లు. పెద్ద కుక్క నిలబడి ఉంటే దానిమీదుగా వంగి పొట్ట చుట్టూ చేతులు వేసి అదే చోట పైకీ ముందుకూ నొక్కాలి. పడిపోయి ఉంటే ప్రక్కకు పడుకోబెట్టి, ఒక చెయ్యి వెన్నుకు ఆనించి, రెండవ చేతితో చివరి ప్రక్కటెముక వెనుక నొక్కాలి. ప్రతి ఐదుసార్లకూ ఆగి నోరు చూడటం మరువరాదు. ఊడివచ్చిన ముక్క నాలుకమీదనే ఉండిపోయి, తరువాతి శ్వాసతో మళ్లీ లోపలికి పోయే అవకాశం ఉన్నది.

బంతి విషయం వేరు. నున్నగా, తడిగా ఉండి వేళ్లకు చిక్కదు. కుక్కను వెల్లకిల పడుకోబెట్టి, బయటినుంచి మెడమీద, దవడ మూలకు క్రిందుగా రెండు బొటనవ్రేళ్లు పెట్టి, బంతిని వెనుకనుంచి నోటివైపుకు త్రోయాలి. నిమ్మకాయను సంచిలోనుంచి పైకి పిండినట్లు ఉంటుందని ఆ వైద్యుడు చెప్పాడు. ఆ పోలిక నాకు బాగా గుర్తుండిపోయినది.

ఊపిరి, గుండె రెండూ ఆగిపోతే? కుడివైపునకో, ఎడమవైపునకో పడుకోబెట్టి, రొమ్ము వెడల్పులో మూడవ వంతు నుంచి సగం దాకా దిగేట్లు, నిమిషానికి 100 నుంచి 120 సార్ల వేగంతో 30 సార్లు నొక్కాలి. తరువాత మూతిని మూసిపట్టి, ముక్కులోకి రెండుసార్లు రొమ్ము లేచేదాకా ఊదాలి. మళ్లీ 30. పిల్లికి, చిన్న కుక్కపిల్లకు ఒక చేతితోనే రొమ్మును చుట్టి బొటనవ్రేలితో నొక్కవచ్చు. ఈ పని బండిలో పోతూ కూడా చేయవచ్చు, చేయాలి కూడా. మేము ఆటోలో దానిని ఒడిలో పెట్టుకొని ఏడ్చాము.

వస్తువు ఊడివచ్చి కుక్క లేచి తోక ఊపినా వైద్యునికి చూపించక మానరాదు. నొక్కుళ్లకు ప్రక్కటెముకలు, కాలేయం దెబ్బతిని ఉండవచ్చు. గాలికోసం పెనుగులాడిన తరువాత కొన్ని గంటలకు ఊపిరితిత్తులలో నీరు చేరటం కూడా జరుగుతుంది. పగలు బాగానే ఉన్నది, రాత్రి ఆయాసపడి పోయినది అని చెప్పేవారు ఇటువంటిదే చూసి ఉంటారు.

ఇంతదాకా చెప్పినదంతా ఒక షరతుకు లోబడి ఉన్నది. ఆ షరతు ఈ శీర్షికలో నేను వ్రాసే అన్ని మాటలకన్నా ముఖ్యమైనది, అందుచేత కొంచెం నిదానంగా చదవమని కోరుతున్నాను.

పిచ్చికుక్క అనగానే మనకు నురుగు క్రక్కుతూ, కనబడినవారినల్లా కరుస్తూ పరుగెత్తే కుక్క గుర్తుకు వస్తుంది. రేబీస్‌కు మరొక రూపం ఉన్నది. అందులో కుక్క ఎవరినీ తరమదు. ఒక మూల కూర్చుంటుంది. క్రింది దవడ వ్రేలాడుతుంది, నోరు మూయలేదు, చొంగ ధారగా కారుతుంది, నీళ్లు మింగలేదు, గొంతు మారుతుంది. గొంతు కండరాలు పక్షవాతంతో చచ్చుబడటమే దీనికి కారణం. చూసేవారికి అది అచ్చంగా గొంతులో బొక్క ఇరుక్కున్న కుక్కే. పాపమని నోట్లో చెయ్యి పెట్టి వెదుకుతారు. బొక్క దొరకదు. వేలిమీద ఉన్న చిన్న గీత ద్వారా ఆ చొంగ ఒంట్లోకి చేరుతుంది. రేబీస్ లక్షణాలు బయటపడిన తరువాత మనిషి బ్రతకటం దాదాపు లేనేలేదు.

అందుచేత లెక్క ఇలా ఉండాలి. కుక్క మీదే అయి, ఏటేటా టీకా వేయించినదై, మీ కళ్లముందే ఏదో నములుతూ హఠాత్తుగా తన్నుకుంటున్నదా? చెయ్యి పెట్టండి. వీధికుక్కా, టీకా చరిత్ర తెలియనిదా, నిన్నటినుంచో మొన్నటినుంచో అలా ఉన్నదని ఇరుగుపొరుగువారు అంటున్నారా? నోట్లో చెయ్యి పెట్టరాదు, ముక్కులోకి ఊదరాదు. అటువంటిదానికి తప్పనిసరి అయితే బయటినుంచి నొక్కటంతో ఆపి, తెలిసినవారిని పిలవాలి. పొరపాటున చొంగ తగిలినా, పన్ను గీరినా సబ్బుతో, ధారగా పారే నీటితో పదిహేను నిమిషాలు కడిగి, ఆనాడే ఆస్పత్రికి వెళ్లి టీకాలు మొదలుపెట్టాలి. పసుపు, కారం, సున్నం అద్దటం మన ఊళ్లలో ఇప్పటికీ ఉన్నది; అవి పనికిరావు. మోతీకి టీకా ఉన్నదా లేదా అన్నది ఆనాడు నేను ఆలోచించను కూడా లేదు. ఉన్నదని సాయంత్రం బావ చీటీ తీసి చూపించినప్పుడు గాని నా వేళ్లమీది గీతలు నాకు కనిపించలేదు.

గుజరాత్‌లో 1962 నంబరుకు ఫోను చేస్తే, యజమాని లేని జంతువుల కోసం కరుణ పేరుతో నడిచే వైద్యవాహనం వస్తుంది. 2017 నుంచి ఆ సేవ ఉన్నది. ఆంధ్రప్రదేశ్‌లోను, తెలంగాణలోను ఇదే నంబరు సంచార పశువైద్య వాహనాలది. వీధిలోని జంతువులకు, పాడిపశువులకు అది గొప్ప మేలు. కాని ఊపిరి ఆగిన కుక్కకు ఏ బండీ సమయానికి అందదు.

సూరత్ గురించి చెబుతూ దారం మాట ఎత్తకపోతే వ్యాసం పూర్తికాదు. ఆ ఊరు బ్రతికేదే దారంమీద. మగ్గాల దారం, జరీ, చీరలమీద కుట్టుపని, ఆపైన పండుగకు గాజుపొడి పూసిన సూరతీ మాంజా. మా అక్కావాళ్ల వీధిలో ప్రతి ఇంటి అరుగుమీద ఒక కుట్టుపని సాగుతూ ఉంటుంది, ప్రతి అరుగు క్రింద ఒక పిల్లి ఉంటుంది. పిల్లి నాలుకమీద వెనుకకు తిరిగిన ముళ్లు ఉంటాయి. దారంతో ఆడుతూ నోట పెట్టుకొన్నదంటే ఉమ్మివేయలేదు. ఆ ముళ్లు దానిని లోపలికే త్రోస్తాయి. సూదితో సహా మింగినవి కూడా ఉన్నాయి.

మోతీ పోయిన మరుసటి ఏడు పొరుగింటి పిల్లి అలాగే దగ్గుతూ, మూతి గీరుకుంటూ వచ్చినది. నోరు తెరిస్తే నాలుక క్రింద ఎర్రని పట్టుదారం కనిపించినది. మా మేనల్లుడు పట్టుకొని లాగబోయాడు. నేను వాడి చెయ్యి పట్టుకున్నాను. అప్పటికి నేను ఆ వైద్యుని దగ్గర పాఠం వినివచ్చినవాడిని. దారం ఒక కొన నాలుక మొదట్లో చుట్టుకొని, మిగిలినది కడుపు దాటి ప్రేగులలోకి దిగి ఉంటుంది. ప్రేగు దానిని ముందుకు నడపాలని ప్రయత్నించి, నాడా లాగిన లంగా అంచులా కుచ్చులుపడిపోతుంది. మనం పైనుంచి లాగితే ఆ బిగిసిన దారం రంపంలా ప్రేగును కోస్తుంది. వెనుక మలద్వారంనుంచి దారం వ్రేలాడుతున్నా అదే సంగతి. లాగరాదు. కత్తిరించనూ రాదు, వైద్యునికి ఆ కొనే దారి చూపుతుంది. కదలకుండా బుట్టలో పెట్టి తీసుకుపోవాలి. ఆ పిల్లికి శస్త్రచికిత్స జరిగినది. మూరెడు దారం తీశారు. అది ఇప్పటికీ ఆ అరుగుక్రిందే ఉన్నది, దారం కండె కనిపిస్తే ఇప్పటికీ పంజా విసురుతుంది. పిల్లికి బుద్ధి రాలేదు. కండెలకు మాత్రం మూత ఉన్న డబ్బా వచ్చినది.

నైలాను మాంజాను జాతీయ హరిత ట్రిబ్యునల్ 2017లో దేశమంతటా నిషేధించినది. పక్షుల రెక్కలు, మనుషుల మెడలు తెగుతున్నందుకు ఆ నిషేధం. పండుగ వెళ్లిపోయిన తరువాత చెట్లకు, తీగలకు వ్రేలాడి నేలకు రాలిన నూలుదారం కూడా పిల్లులకు, మేకలకు తక్కువ ప్రమాదం కాదు. మేడమీదినుంచి దిగేటప్పుడు తెగిన దారం ఉండచుట్టి చెత్తబుట్టలో వేయటానికి ఐదు నిమిషాలు పట్టదు.

ఇళ్లలో గేదెలున్న పాఠకులు అడగవచ్చు, పశువులకు ఏమిటని. వాటికి సాధారణంగా అడ్డంపడేది అన్నవాహికలో: మామిడి టెంక, ఉర్లగడ్డ, దుంపముక్క. ఊపిరి ఆడుతుంది కాని త్రేనుపు రాక ఎడమ డొక్క ఢంకాలా ఉబ్బుతుంది. ఆ ఉబ్బే ప్రాణం తీస్తుంది. కర్రతో పొడిచి లోపలికి నెట్టటం మన పల్లెల్లో చూశాను. గొట్టం చిరిగి చచ్చిన గేదెను కూడా చూశాను. వెంటనే పశువైద్యుడే రావాలి.

అడ్డంపడేవి ఏవేవని తెలుసుకుంటే సగం ప్రమాదం తగ్గుతుంది. ఉడికించిన బొక్క పెళుసుబారి ముక్కలవుతుంది, అందులోనూ కోడి బొక్క. గుండ్రటి కీలుబొక్క మోతీ సంగతి చెప్పాను. బంతి కుక్క నోటిలో పూర్తిగా పట్టేటంత చిన్నదిగా ఉండరాదు. కుక్కపిల్లకు కొన్న బంతి కుక్క పెరిగాక పారవేయాలి, దీనిని ఎవరూ గుర్తుపెట్టుకోరు. సూరత్ దగ్గర డుమస్ సముద్రతీరానికి పోతే కాల్చిన మొక్కజొన్న పొత్తులు తిని కంకులు ఇసుకలో పారవేస్తారు. వెంట వచ్చిన కుక్కలు వాటిని కొరికి మింగుతాయి. అది గొంతులో ఆగకపోతే ప్రేగులో ఆగుతుంది. వేసవిలో మన ఊళ్లలో మామిడి టెంకలదీ ఇదే కథ. ఒకే పళ్లెంలో రెండు కుక్కలకు పెడితే పోటీపడి నమలకుండా మింగుతాయి. వేరువేరుగా, దూరదూరంగా పెట్టాలి. తింటున్న కుక్కను పిల్లలు వెంటబడి ఆడించటం కూడా మంచిది కాదు.

మా అక్క మరో కుక్కను తెచ్చుకోనని రెండేళ్లు పంతం పట్టినది. ఒకనాడు వాన్లో తడిసి గడపలోకి వచ్చిన నల్లని కుక్కపిల్ల ఆ పంతాన్ని చెల్లనివ్వలేదు. దానికి మూడవ నెల నిండగానే రేబీస్ టీకా వేయించారు. వంటింటి తలుపు ప్రక్కన మేకుకు మొద్దు మొన గల పట్టకారు, చిన్న టార్చి వ్రేలాడుతున్నాయి. గోడమీద పశువైద్యుని ఫోను నంబరు బొగ్గుతో వ్రాసి ఉన్నది. మేనల్లుడు దిండును కుక్క చేసి ఎక్కడ నొక్కాలో నాకే చూపించాడు. "మామా, గింత మీదికి కాదు, ఈడ" అంటూ నా పిడికిలిని సవరించాడు కూడా. మొన్నటి వాసి ఉత్తరాయణ్ నాడు మాంసం వండారు. బొక్కలను అక్క కాగితంలో చుట్టి, మూత ఉన్న బకెట్టులో వేసి, దానిమీద ఇటుక పెట్టి, ఆ తరువాతనే మేడ ఎక్కినది.